చవక స్కోప్‌తో దూరపు గురి: కొనడం, బిగించడం, నమ్మడం

600 గజాల దూరంలో వేలాడే స్టీలు పలకను కొట్టడానికి రెండు వేల డాలర్ల స్కోప్ అక్కర్లేదు. 300 నుంచి 500 డాలర్ల మధ్య దొరికే స్కోప్ చాలు. ఆ ధరలో అద్దం కొంచెం మసకగా ఉంటుంది, అంచుల్లో ఊదారంగు ఛాయ కనిపిస్తుంది, సాయంత్రం వెలుగు తగ్గితే త్వరగా చేతులెత్తేస్తుంది. ఇవేవీ పట్టపగలు తెల్లరంగు పూసిన పలక మీద గురిని చెడగొట్టవు. చెడగొట్టేది వేరే ఉంది: టరెట్ (గురిని జరపడానికి స్కోప్ మీద తిప్పే నాబ్) పది క్లిక్కులు తిప్పితే లోపల రెటికల్ (గురి గీతలు) సరిగ్గా పది క్లిక్కులే కదిలిందా, వెనక్కి తిప్పితే బయలుదేరిన చోటికే వచ్చిందా అన్నది. కాబట్టి కొట్లో స్కోప్‌లోంచి దూరపు బోర్డు చదివి "అబ్బ, ఎంత క్లియర్‌గా ఉందో" అనుకుని కొనడం సరైన పద్ధతి కాదు. అద్దం కంటికి వెంటనే కనిపిస్తుంది, టరెట్ నిజాయితీ పరీక్షిస్తేనే బయటపడుతుంది. ఆ పరీక్ష ఎలాగో కింద వివరంగా ఉంది.

ఇక్కడి లెక్కలు అమెరికా రేంజ్‌లకు తగ్గట్టు గజాల్లో, అంగుళాల్లో ఉన్నాయి. ఉదాహరణలకు తీసుకున్న తూటాలు రెండు: 6.5 క్రీడ్‌మూర్, .22 ఎల్ఆర్. మొదటిది 1000 గజాల దాకా మామూలుగా వాడేది. రెండోది 200 గజాల్లోనే దూరపు షూటింగ్ పాఠాలన్నీ చవగ్గా నేర్పుతుంది.

ముందు చట్టం సంగతి

అమెరికాలో హెచ్‌-1బి, ఎఫ్‌-1 లాంటి నాన్‌ఇమిగ్రెంట్ వీసా మీద ఉన్నవాళ్లు ఫెడరల్ చట్టం ప్రకారం తుపాకీ గానీ, తూటాలు గానీ దగ్గర ఉంచుకోకూడదు. రేంజ్‌లో అద్దెకు తీసుకున్నదైనా అంతే. చెల్లుబాటులో ఉన్న హంటింగ్ లైసెన్సు లాంటి కొన్ని మినహాయింపులున్నాయి గానీ, వాటిని నమ్ముకుని అడుగు వేసేముందు లాయర్‌ను అడగడం మంచిది. గ్రీన్ కార్డు ఉన్నవాళ్లకు ఈ అడ్డంకి లేదు. ఇంకొకటి: రైఫిల్ స్కోపులు అమెరికా ఎగుమతి నియంత్రణ కిందికి వస్తాయి. ఊరికి వెళ్తూ బావమరిది కోసం ఒకటి సూట్‌కేసులో పడేసుకుని వెళ్లే వస్తువు కాదది. ఇండియాకు పంపాలంటే ఎగుమతి లైసెన్సు కావాలి.

కొనేముందు వేసుకోవాల్సిన లెక్క

స్కోప్ పొడవు కొలవదు, కోణం కొలుస్తుంది. రెండు కొలమానాలు వాడుకలో ఉన్నాయి. ఒక ఎంఓఏ అంటే డిగ్రీలో అరవయ్యో వంతు, 100 గజాల దగ్గర 1.047 అంగుళాలు. ఒక మిల్ అంటే దూరంలో వెయ్యో వంతు, 100 గజాల దగ్గర 3.6 అంగుళాలు, 100 మీటర్ల దగ్గర సరిగ్గా 10 సెంటీమీటర్లు. సాధారణంగా ఎంఓఏ స్కోప్ క్లిక్కు పావు ఎంఓఏ, మిల్ స్కోప్ క్లిక్కు 0.1 మిల్. ఏది మేలన్న వాదన టీ కొట్టు రాజకీయం లాంటిది, తెగదు. మెట్రిక్‌లో చదువుకున్నవాళ్లకు మిల్ చేతికి త్వరగా వస్తుంది. ఏది తీసుకున్నా రెటికల్, టరెట్ రెండూ ఒకే కొలమానంలో ఉండాలి. మిల్ గీతల రెటికల్, ఎంఓఏ టరెట్ కలిసిన పాత మోడళ్లు చవగ్గా కనిపిస్తాయి. అవి తీసుకుంటే తూటా ఎక్కడ పడిందో మిల్‌లో చూసి, 3.44తో గుణించి, మళ్లీ నాలుగుతో గుణించి క్లిక్కులు తిప్పాలి. గాలి మారేలోపు ఆ లెక్క తెమలదు.

ఇక టరెట్ ఎంత దూరం తిరుగుతుందన్నది, అంటే మొత్తం ఎలివేషన్ ట్రావెల్. చాలామంది చూడకుండా వదిలేసే అంకె ఇదే. 140 గ్రెయిన్ల బరువున్న బుల్లెట్‌తో, సెకనుకు దాదాపు 2700 అడుగుల వేగంతో వెళ్లే 6.5 క్రీడ్‌మూర్‌కు 100 గజాల జీరో (గురిపెట్టిన చోటే తూటా పడేలా సర్దిన స్థితి) నుంచి 600 గజాలకు సుమారు 4 మిల్ ఎక్కించాలి, 1000 గజాలకు సుమారు 9 మిల్. ఈ ధరలో దొరికే వోర్టెక్స్ డైమండ్‌బ్యాక్ టాక్టికల్ 6-24×50నే (జూమ్ 6 నుంచి 24 రెట్లు, ముందు వైపు అద్దం 50 మిల్లీమీటర్లు) తీసుకుందాం, దాని మొత్తం ట్రావెల్ 19 మిల్. రెటికల్ మధ్యలో ఉంటే పైకి సగం, అంటే 9.5 మిల్ మిగులుతుంది. కాగితం మీద 1000 గజాలకు సరిపోయినట్టే ఉంటుంది. కానీ రైలు (రైఫిల్ మీద స్కోప్‌ను బిగించే గాడుల పట్టీ), రిసీవర్ (ఆ పట్టీ కూర్చునే రైఫిల్ నడిమి భాగం), రింగులు అచ్చంగా తిన్నగా ఉండవు, జీరో చేయడంలోనే ఒక మిల్ దాకా హరించుకుపోతుంది. పైగా అంచుకు వెళ్లేకొద్దీ లోపలి స్ప్రింగు పట్టు సడలుతుంది, పక్కలకు తిరిగే చోటు కూడా ఇరుకవుతుంది.

దీనికి మందు 20 ఎంఓఏ రైలు. అది స్కోప్ ముందు భాగాన్ని కాస్త కిందికి వంచి కూర్చోబెడుతుంది. 20 ఎంఓఏ అంటే 5.8 మిల్, అంటే పైకి 15 మిల్ చిల్లర దొరుకుతుంది, కిందికి 3.7 మిగులుతుంది. 100 గజాల జీరోకు ఇబ్బంది ఉండదు. అదే ఊపులో 30 ఎంఓఏ రైలు వేస్తే కిందికి ఒక మిల్ కూడా మిగలదు, 100 గజాల దగ్గర జీరో కాకపోవచ్చు. .22కి 50 గజాల జీరో నుంచి 100 గజాలకు సుమారు 2 మిల్, 200 గజాలకు 6 నుంచి 7 మిల్, 300 గజాలకు 12 నుంచి 14 మిల్ కావాలి. కాబట్టి .22ని దూరానికి వాడేవాళ్లకే ఈ రైలు అవసరం ఎక్కువ. వింతగా అనిపించినా నిజం.

ట్యూబు 30 మిల్లీమీటర్లా, 34 మిల్లీమీటర్లా అన్నది ట్రావెల్‌కు, గట్టిదనానికి సంబంధించిన విషయం. లావు ట్యూబు ఎక్కువ వెలుగు ఇస్తుందన్న మాట తప్పు. కంటికి చేరే వెలుగు కట్ట వెడల్పు తెలియాలంటే స్కోప్ ముందు వైపు అద్దం వ్యాసాన్ని జూమ్‌తో భాగించండి. 50ని 24తో భాగిస్తే 2 మిల్లీమీటర్లు. కన్ను కాస్త పక్కకు జరిగితే చీకటి కమ్మేది అందుకే. 12 రెట్ల దగ్గర అదే స్కోప్ 4 మిల్లీమీటర్లు ఇస్తుంది, హాయిగా కనిపిస్తుంది. 24 రెట్లు ఉన్న స్కోప్‌ను ఎక్కువసేపు 12 నుంచి 16 దగ్గరే వాడతారు. కాబట్టి 4-16 తీసుకుంటే తక్కువేమీ కాదు. డైమండ్‌బ్యాక్‌లోనే 4-16×44కి 25 మిల్ ట్రావెల్ ఉంటుంది, 6-24 కన్నా మెరుగు. కాగితం మీద చిన్న గ్రూపులు (ఒకేచోట గుమిగూడిన తూటా రంధ్రాలు) కొట్టడమే లక్ష్యమైతే 24 రెట్లు, స్టీలు పలకలైతే 16 రెట్లు.

రెటికల్ మొదటి తలంలో (ఫస్ట్ ఫోకల్ ప్లేన్) ఉన్నవి, రెండో తలంలో (సెకండ్ ఫోకల్ ప్లేన్) ఉన్నవి అని రెండు రకాలు. మొదటి తలం స్కోప్‌లో జూమ్‌తోపాటు రెటికల్ కూడా పెరుగుతుంది, గీతల విలువ ఎప్పుడూ ఒకటే. రెండో తలంలో రెటికల్ సైజు మారదు, గీతల విలువ ఒక్క జూమ్ దగ్గరే నిజం, చాలావాటిలో అది గరిష్ఠ జూమ్. సగానికి దించితే ప్రతి గీత రెట్టింపు విలువ చూపుతుంది. స్టీలు పలకల మీద గాలికి గీతలతోనే పక్కకు పట్టి కాల్చేవాళ్లు మొదటి తలం తీసుకోవాలి. ఒకే దూరంలో, ఒకే జూమ్‌లో కాగితం కొట్టేవాళ్లకు రెండో తలమే నయం, గీత సన్నగా ఉంటుంది, ధరా తక్కువ.

తప్పకుండా ఉండాల్సింది పారలాక్స్ నాబ్. లక్ష్యపు బొమ్మ, రెటికల్ ఒకే తలంలో పడకపోతే, తల జరిపినప్పుడు గురి కూడా జరిగినట్టు కనిపిస్తుంది. 100 గజాలకు ఫ్యాక్టరీలోనే బిగించేసిన 40 మిల్లీమీటర్ల స్కోప్‌తో 600 గజాలు కాలిస్తే, కన్ను అంచున ఉన్నప్పుడు తప్పు 100 మిల్లీమీటర్ల దాకా, అంటే 4 అంగుళాలు పోతుంది. వెలిగే రెటికల్ మాత్రం ఈ ఆటలో అనవసరపు హంగు. దానికి పెట్టే డబ్బు జీరో స్టాప్ ఉన్న మోడల్‌కు పెట్టండి. టరెట్ ఎన్ని చుట్లు తిరిగిందో మర్చిపోయినా, కిందికి తిప్పితే జీరో దగ్గర ఆగిపోతుంది.

డబ్బు పంచుకోవడంలో ఒక మాట. ఏనుగును కొని అంకుశానికి బేరమాడినట్టు, 400 పెట్టి స్కోప్ కొని 15 డాలర్ల రింగులు వేస్తారు. 500 డాలర్లు చేతిలో ఉంటే స్కోప్‌కు 350, రింగులకు 60, రైలుకు 40, మిగిలిన 50 బిగువును అంగుళ-పౌండ్లలో చూపే టార్క్ స్క్రూడ్రైవర్‌కూ చిన్న రసమట్టానికీ. ఇంతకన్నా తక్కువలో చేయాలంటే స్కోప్ ధర తగ్గించండి, రింగులది కాదు.

బిగింపు

మొదట రైఫిల్ ఖాళీ చేయండి. మ్యాగజైన్ తీసి, బోల్ట్ తెరిచి, ఛాంబర్‌లోకి కంటితో చూసి, వేలితో తడిమి నిర్ధారించుకోండి. తూటాలు ఆ గదిలోనే ఉండకూడదు.

1. రైలు స్క్రూలను, రిసీవర్‌లోని రంధ్రాలను స్పిరిట్‌తో తుడిచి నూనె పోగొట్టండి. స్క్రూలకు నీలం రకం థ్రెడ్‌లాకర్ (మరలు వదులవకుండా పట్టే జిగురు) ఒక చుక్క. రైలు తయారీదారు చెప్పిన టార్క్ దగ్గర ఆపండి. రైలు ముందు వైపు స్క్రూ పొడవెక్కువై బ్యారెల్ మరలకు తగులుతోందేమో చూడండి, తగిలితే రైలు బిగిసినట్టు అనిపించి లోపల వదులుగా ఉంటుంది.

2. రింగుల అడుగు భాగాలను రైలు మీద పెట్టి, బిగించేముందు ముందుకు నెట్టి పట్టుకోండి. రీకాయిల్‌కు రైఫిల్ వెనక్కి పోతే స్కోప్ ముందుకు పోవాలని చూస్తుంది. గాడి గోడకు రింగు ముందే ఆనుకుని ఉంటే ఇక జరగడానికి చోటుండదు. ఇప్పుడు ఎక్కువగా వాడే పికటిన్నీ రకం రైలు గాడి వెడల్పు 5.23 మిల్లీమీటర్లు. వీవర్ అనే ఇంకో రకం రైలు గాడి అంతకన్నా ఇరుకు, పికటిన్నీ రింగు దాన్లో దిగకపోవచ్చు.

3. స్కోప్‌ను రింగుల అడుగు భాగాల్లో కూర్చోబెట్టి పైకప్పులు వదులుగా వేయండి. రింగు టరెట్ పెట్టెకు గానీ, ముందు గంటకు (స్కోప్ ముందు అద్దం ఉండే వెడల్పాటి భాగం) గానీ తగలకూడదు. ముందు గంటకూ బ్యారెల్‌కూ మధ్య 2, 3 మిల్లీమీటర్ల సందు చాలు.

4. జూమ్ గరిష్ఠానికి పెట్టండి, ఎందుకంటే కంటికి చోటు అతి ఇరుకుగా ఉండేది అక్కడే. మీరు పడుకుని కాల్చేవాళ్లయితే నేల మీద పడుకునే కొలవండి, బెంచి మీద కాదు. పడుకున్నప్పుడు తల ముందుకు వస్తుంది. కళ్లు మూసుకుని చెంప స్టాక్‌కు ఆనించి, తర్వాత తెరవండి. చుట్టూ నల్ల వలయం లేకుండా నిండుగా కనిపించే దాకా స్కోప్‌ను ముందుకూ వెనక్కూ జరపండి. కంటికీ అద్దానికీ మధ్య దూరం మూడున్నర, నాలుగు అంగుళాలు వస్తుంది. తక్కువైతే రీకాయిల్‌కు కనుబొమ మీద చంద్రవంక గాటు పడుతుంది.

5. రెటికల్ నిలువు సరిచేసి (ఎలాగో కింద ఉంది) కప్పు స్క్రూలను ఎదురెదురుగా, కొంచెం కొంచెంగా బిగించండి. రెండు పక్కలా సందు సమానంగా ఉండాలి. 30 మిల్లీమీటర్ల రింగులకు చాలామంది తయారీదారులు చెప్పేది 15 నుంచి 18 అంగుళ-పౌండ్లు. ఇక్కడ థ్రెడ్‌లాకర్ వాడొద్దు. తడి మర జారుడుగా తిరిగి, డ్రైవర్ 18 చూపినా లోపల బిగువు ఎక్కువైపోతుంది.

బిగువు ఎక్కువైతే ఏమవుతుంది? ట్యూబు కంటికి కనిపించనంత నొక్కుకుపోతుంది. లోపల రెటికల్‌ను మోసే ఇంకో చిన్న గొట్టం ఉంటుంది, టరెట్ మర దాన్ని ఒక పక్క నుంచి నెడుతుంటే ఎదుటి పక్క స్ప్రింగు తోస్తుంటుంది. బయటి ట్యూబు నొక్కుకుంటే ఆ గొట్టం ఎక్కడో రాసుకుని ఇరుక్కుంటుంది. పారలాక్స్ నాబ్ బిగుసుకుపోవడం, క్లిక్ తిప్పితే మొదటి తూటాకు కాకుండా రెండో తూటాకు మార్పు రావడం దాని గుర్తులు. స్కోప్‌ను తిట్టి పెట్టెలో పెట్టి వెనక్కి పంపేముందు, కప్పులు వదులు చేసి 15 దగ్గర మళ్లీ బిగించి చూడండి.

రెటికల్ నిలువు: తూకం గుండు పని

దీన్ని రసమట్టం ఒక్కదానితో తేల్చేయాలని చూస్తారు. టరెట్ టోపీ మీద మట్టం పెడతారు, కానీ ఆ టోపీ లోపలి రెటికల్‌తో సమంగా ఉందని హామీ ఏమీ లేదు, చవక స్కోపుల్లో మరీను. గోడ కట్టే మేస్త్రీ వాడే తూకం గుండే ఇక్కడ గురువు.

తెల్లటి గోడ ముందు, 25 గజాల దూరంలో, సన్నటి ముదురు రంగు దారానికి బరువు కట్టి వేలాడదీయండి. గాలికి ఊగితే బరువును నీళ్ల బకెట్‌లో ముంచండి, వెంటనే నిలుస్తుంది. ఖాళీ రైఫిల్‌ను బైపాడ్ (ముందుండే రెండు కాళ్ల స్టాండు), వెనక ఇసుక సంచి మీద నిలకడగా పెట్టి, రైలు మీద మట్టం చూసి రైఫిల్‌ను సరిచేయండి. ఇప్పుడు స్కోప్‌లోంచి చూస్తూ, వదులు రింగుల్లో స్కోప్‌ను తిప్పి, నిలువు గీత దారంతో కలిసిపోయేలా చేయండి. గీత దారాన్ని పై నుంచి కింది దాకా కప్పేయాలి. ఒక చివర దారం అంచు బయటికి కనిపిస్తోందంటే ఇంకా వాలు ఉన్నట్టే. స్క్రూలు బిగించేటప్పుడు స్కోప్ ఒక పక్కకు తిరిగిపోతుంది, ప్రతి రెండు మూడు తిప్పుళ్లకు మళ్లీ దారం చూడండి.

ఇంతటితో అయిపోలేదు. రెటికల్ మధ్యను దారం మీద పెట్టి, రైఫిల్ కదలకుండా టరెట్‌ను 10 మిల్ పైకి తిప్పండి. మధ్య బిందువు దారం వెంటే జారాలి. పక్కకు తప్పుకుంటూ పోతే రెటికల్ వేరే కోణంలో, టరెట్ వేరే కోణంలో కూర్చున్నాయని అర్థం. అలాంటి స్కోప్‌ను దిద్దలేరు, మార్పించుకోవాలి.

వాలు ఖరీదు ఎంతో చూడండి. రెటికల్ 3 డిగ్రీలు వాలి ఉందనుకుందాం. 3 డిగ్రీల సైను 0.052. 600 గజాలకు 4 మిల్ ఎక్కిస్తే తూటా 0.2 మిల్ పక్కకు పోతుంది, అంటే నాలుగున్నర అంగుళాలు. 1000 గజాలకు 9 మిల్ ఎక్కిస్తే పదహారు, పదిహేడు అంగుళాలు. మీరు గాలి అనుకుంటారు. స్కోప్ సరిగ్గా నిలువుగా ఉండి, కింద రైఫిల్ ఒకటి రెండు డిగ్రీలు వాలినా నష్టం బాగా తక్కువ. కాబట్టి స్కోప్‌కు తగిలించే చిన్న రసమట్టాన్ని రైలుతో కాక, రెటికల్‌తో కలిసేలా దారం చూసి బిగించండి.

కంటికి సరిచేయడం

వెనక ఉండే డయాప్టర్ రింగు రెటికల్ స్పష్టత కోసం, లక్ష్యం స్పష్టత కోసం కాదు. ఖాళీ ఆకాశం వైపో తెల్ల గోడ వైపో, సూర్యుడికి దూరంగా, రెండు సెకన్లు చూసి కన్ను తీసేయండి. రెటికల్ చూసిన క్షణంలోనే నల్లగా, పదునుగా కనిపించాలి. ఎక్కువసేపు చూస్తే కన్నే సర్దుకుని మోసం చేస్తుంది. ఇది ఒకసారి సరిచేశాక ముట్టుకోవద్దు.

పారలాక్స్ నాబ్ మీది దూరపు అంకెలు సుమారు గుర్తులు మాత్రమే. 300 అని రాసిన చోట 240 గజాలకు కుదరొచ్చు. రైఫిల్‌ను కదలకుండా ఉంచి తలను కాస్త కిందికీ మీదికీ ఆడించండి. రెటికల్ లక్ష్యం మీద తేలుతున్నట్టు కదిలితే నాబ్ తిప్పండి, అతికినట్టు ఆగిపోయే దాకా. బొమ్మ పదునుగా ఉన్న చోటూ రెటికల్ ఆగిన చోటూ వేరువేరైతే డయాప్టర్ తప్పినట్టు, మళ్లీ మొదటికి వెళ్లండి. మీ దూరాలకు కుదిరిన చోట్ల నాబ్ మీద తెల్ల టేపు అతికించి పెన్సిల్‌తో గీసుకోండి.

జీరో

బోల్ట్ రైఫిల్ అయితే లేజరు బొమ్మలు కొనక్కర్లేదు. రేంజ్‌లో 25 గజాల దగ్గర కాగితం పెట్టి, బోల్ట్ తీసేసి, బ్యారెల్ గుండా వెనక నుంచి చూడండి. నల్ల చుక్క గుండ్రటి కన్నం మధ్యలో పడేలా రైఫిల్‌ను సంచుల మీద సర్ది, కదలకుండా రెటికల్‌ను కూడా ఆ చుక్క మీదికి తిప్పండి. బోల్ట్ వేసి ఒక తూటా కాల్చండి. ఎంత పక్కకు పడిందో రెటికల్ గీతలతోనే చదవండి. 0.8 మిల్ కింద, 0.3 మిల్ కుడికి పడితే 8 క్లిక్కులు పైకి, 3 ఎడమకు. అంగుళాలు కొలిచి భాగించే పని లేదు, మిల్-మిల్ స్కోప్ సుఖం ఇదే. టరెట్ మీది బాణం చూపేది తూటా పడే చోటు కదిలే దిక్కు.

తర్వాత 100 గజాలకు వెళ్లండి. ఐదు తూటాలు, నింపాదిగా, గ్రూపు మధ్య చూసి సరిచేయండి, మళ్లీ ఐదు. ఒక్కో తూటాకు ఒక్కో క్లిక్కు తిప్పుతూ పోయేవాళ్లు డబ్బా ఖాళీ అయ్యేదాకా జీరో చుట్టూ గానుగెద్దులా తిరుగుతారు. రైఫిలే అంగుళం గ్రూపు వేస్తుంటే ఒక తూటా అర అంగుళం పక్కన పడటం తప్పు కాదు. చివర్లో పది తూటాల గ్రూపు ఒకటి కాల్చి నిర్ధారించుకోండి. ఆపైన టరెట్ టోపీ స్క్రూలు వదులు చేసి, గుర్తును సున్నా దగ్గర పెట్టి, జీరో స్టాప్ సర్దండి. టోపీ బిగిస్తున్నప్పుడు ఒక క్లిక్కు జారిపోవడం మామూలే, బిగించాక ఇంకో మూడు తూటాలు కాల్చి చూడండి.

టరెట్ నిజం చెబుతోందా

ఇది స్కోప్ వాపసు ఇచ్చే గడువు లోపల చేయాల్సిన పరీక్ష. గడువు 30 రోజులైతే మొదటి వారాంతంలోనే చేయండి.

నాలుగున్నర అడుగుల ఎత్తు అట్ట లేదా ప్లైవుడ్ కావాలి. కింది భాగంలో ఒక చుక్క, దాని నుంచి పైకి తూకం గుండు చూసి గీసిన నిలువు గీత, చుక్క నుంచి సరిగ్గా 36 అంగుళాల దగ్గర ఒక అడ్డ గీత. 100 గజాల దగ్గర 36 అంగుళాలంటే 10 మిల్. దూరాన్ని రేంజ్ బోర్డు చెప్పినట్టు నమ్మొద్దు, టేపుతో కొలవండి: టరెట్ నుంచి అట్ట దాకా 300 అడుగులు. ఒక్క గజం తేడా ఉంటే ఫలితం ఒక శాతం మారిపోతుంది, మనం వెతుకుతున్న తప్పు కూడా ఒకటి రెండు శాతమే.

కింది చుక్క మీద గురిపెట్టి ఐదు తూటాలు కాల్చండి. టరెట్‌ను 10 మిల్ పైకి తిప్పి, అదే కింది చుక్క మీద గురిపెట్టి మరో ఐదు. మళ్లీ సున్నాకు దించి మూడు. మొదటి గ్రూపు మధ్య నుంచి పై గ్రూపు మధ్యకు కొలవండి. 35.3 అంగుళాలు వస్తే మీ స్కోప్ 98 శాతమే కదులుతోంది. ఇది పారేయాల్సిన స్కోప్ కాదు: 10 మిల్ కావాలంటే 10.2 తిప్పాలి, అంతే. బాలిస్టిక్ యాప్‌లో (ఏ దూరానికి ఎంత తిప్పాలో లెక్కగట్టే ఫోన్ యాప్) ఈ దిద్దుబాటు అంకె వేసుకునే చోటు ఉంటుంది. ఎప్పుడూ ఒకేలా తప్పే స్కోప్‌తో బతకొచ్చు. ఒకసారి 35.3, ఇంకోసారి 36.4 చూపితే గానీ, చివరి మూడు తూటాలు మొదటి గ్రూపులోకి తిరిగి రాకపోతే గానీ ఆ స్కోప్‌ను ఆ రోజే పెట్టెలో పెట్టండి.

ఎంఓఏ స్కోప్ అయితే 30 ఎంఓఏ తిప్పి 31.4 అంగుళాలు చూడాలి. సరిగ్గా 30 వస్తే చెడిపోయిందని కాదు, ఒక ఎంఓఏను ఒక అంగుళంగా లెక్కగట్టి తయారుచేశారన్నమాట. ఆ తేడా దాదాపు నాలుగున్నర శాతం, 1000 గజాల దగ్గర పలక దాటిపోవడానికి చాలు.

దూరానికి వెళ్లినప్పుడు

యాప్‌కు ఇచ్చే అంకెల్లో తప్పులు జరిగేవి మూడు చోట్ల. తూటా వేగం: డబ్బా మీది అంకె కంపెనీ వాళ్ల టెస్టు బ్యారెల్‌ది, మీది క్రోనోగ్రాఫ్‌తో (తూటా వేగం కొలిచే పరికరం) కొలవాలి. బాలిస్టిక్ గుణకం (తూటా గాలిని ఎంత బాగా కోసుకుపోతుందో చెప్పే అంకె): దీన్ని జీ1, జీ7 అనే రెండు ప్రమాణాల్లో ఇస్తారు, జీ1 అంకెను జీ7 గడిలో వేస్తే అంతా తారుమారు. గాలి ఒత్తిడి: వాతావరణ వార్తలు చెప్పేది సముద్ర మట్టానికి సవరించిన ఒత్తిడి, యాప్ అడిగేది మీరున్న చోట నిజంగా ఉన్నది. డాలస్‌లో పెద్ద తేడా తెలియదు, డెన్వర్ ఎత్తులో తూటా పలక మీదుగా ఎగిరిపోతుంది. స్కోప్ మధ్యకూ బ్యారెల్ మధ్యకూ ఉన్న ఎత్తు కూడా కొలిచి వేయండి, ఒకటిన్నర నుంచి రెండు అంగుళాలు ఉంటుంది. యాప్ ఇచ్చిన పట్టికను 300, 500, 600 గజాల దగ్గర కాల్చి చూసి దిద్దుకోవాలి.

ఎలివేషన్ టరెట్‌తో తిప్పండి, గాలికి రెటికల్ గీతలతో పట్టండి. గాలి నిమిషానికోసారి మారుతుంది, పక్క టరెట్ తిప్పితే వెనక్కి తేవడం మర్చిపోతారు. 6.5 క్రీడ్‌మూర్‌కు 600 గజాల దగ్గర, గంటకు 10 మైళ్ల అడ్డగాలికి సుమారు 1.2 మిల్. 5 మైళ్లయితే అందులో సగం. కాల్చే దిక్కుకు ఏటవాలుగా 30 డిగ్రీల కోణంలో వీచినా సగమే.

మధ్యాహ్నం 24 రెట్ల దగ్గర లక్ష్యం నీళ్లలో ఉన్నట్టు ఉడుకుతుంటే స్కోప్ పాడైనట్టు కాదు, అది ఎండమావి. జూమ్‌ను 12కు దించండి. ఆ తరంగాలు ఏ పక్కకు పారుతున్నాయో చూస్తే గాలి దిక్కు తెలుస్తుంది, నిలువుగా పైకి లేస్తుంటే గాలి ఆగినట్టు. పది పదిహేను తూటాల తర్వాత బ్యారెల్ వేడికి స్కోప్ ఎదుటే లేచే తరంగాలు వేరు, అది మాత్రం మోసం చేస్తుంది. బ్యారెల్ మీద పొడవాటి గుడ్డ పట్టీ కడితే తగ్గుతుంది.

జీరో తప్పితే

వరుస తప్పకుండా వెతకండి: స్టాక్‌ను రిసీవర్‌కు పట్టే యాక్షన్ స్క్రూలు, రైలు స్క్రూలు, రింగు అడుగు నట్టు, రింగు కప్పులు, తూటా లాట్ మారిందా, ఆఖరికి స్కోప్. రింగు అంచున ట్యూబు మీద సన్నటి పెన్సిల్ గీత గీసి ఉంచితే స్కోప్ జారిందో లేదో చూడగానే తెలుస్తుంది. ఇవన్నీ సరిగా ఉండి గ్రూపు రెండు ముక్కలుగా విడిపోతుంటే, నమ్మకమైన వేరే స్కోప్ బిగించి చూడండి. గ్రూపు కుదురుకుంటే దోషి తేలినట్టే.

అద్దం తుడవడానికి చొక్కా కొస వాడకండి. మొదట ఊది దుమ్ము పోగొట్టే రబ్బరు బల్బు, తర్వాత మెత్తటి బ్రష్, ఆ తర్వాతే లెన్సు ద్రవం తడిపిన మైక్రోఫైబర్ గుడ్డ. ఏసీ కారులోంచి ఉక్కపోతలోకి తీయగానే బయట పట్టే మంచు మామూలే, పది నిమిషాల్లో పోతుంది. లోపలి వైపు పడితే సీలు పోయినట్టు, వారంటీకి పంపండి.

ఇండియాలో ఎయిర్ రైఫిల్ వాడేవాళ్లకు

హైదరాబాద్‌లో శిక్షణ తీసుకుంటూ 10 మీటర్ల ఎయిర్ రైఫిల్ పోటీలకు వెళ్లాలనుకుంటే స్కోప్ కొనకండి. ఐఎస్ఎస్ఎఫ్ (అంతర్జాతీయ షూటింగ్ సమాఖ్య) రైఫిల్ పోటీల్లో స్కోప్‌కు అనుమతి లేదు. 2012 లండన్ ఒలింపిక్స్‌లో గగన్ నారంగ్ కాంస్యం గెలిచింది చిన్న రంధ్రంలోంచి చూసే సైటుతోనే. సరదాగా 30, 50 మీటర్లలో డబ్బాలు, కాగితాలు కొట్టేవాళ్లకు స్కోప్ పనికొస్తుంది, కానీ స్ప్రింగు ఎయిర్ రైఫిల్‌కు పైన చెప్పినవన్నీ వర్తించవు. పిస్టన్ ముందుకు దూకేటప్పుడు రైఫిల్ వెనక్కి తన్నుతుంది, పిస్టన్ ముందుకు కొట్టుకుని ఆగేసరికి ముందుకు విసురుతుంది. మామూలు స్కోపులు ఒక వైపు దెబ్బకే తయారవుతాయి, ఈ రెండో దెబ్బకు లోపలి అద్దాలు వదులవుతాయి. అందుకే ఖరీదైన రైఫిల్ స్కోప్ ఒకటి చవక స్ప్రింగు గన్ మీద నెలలో చచ్చిపోవచ్చు. ఎయిర్‌గన్‌కు పనికొస్తుందని పెట్టె మీద రాసినదే తీసుకోండి. పారలాక్స్ 10 గజాల దాకా దిగాలి. రైలు సాధారణంగా 11 మిల్లీమీటర్ల డవ్‌టెయిల్ (ఏటవాలు అంచుల గాడి), కాబట్టి రింగులూ అవే కావాలి. వెనక రింగుకు కిందికి దిగే స్టాప్ పిన్ ఉండి, అది రిసీవర్ మీది కన్నంలో కూర్చోవాలి. పిన్ లేకపోతే ఎంత బిగించినా ఒక డబ్బా పెల్లెట్లు అయ్యేసరికి స్కోప్ వెనక్కి పాకి ఉంటుంది.